ఏడో కౌంటరు తమిళం

ఒక భాషకు ప్రభుత్వం చెయ్యగలిగిన మర్యాదల్లోకెల్లా గొప్పది దాన్ని బోర్డు మీదికి ఎక్కించడం. ఆ విషయంలో రుక్‌గహవెల ప్రాంతీయ కార్యదర్శి కార్యాలయానికి లంక మొత్తం మీద సాటి లేదు. గేటు బోర్డు మీద పైన సింహళం, నడుమ తమిళం, కింద ఇంగ్లీషు. మూడింటి అక్షరాలూ ఒకే ఎత్తు. నమ్మనివాళ్ళ కోసం ముగ్గురు అధికారుల ఎదుట టేపు పెట్టి కొలిపించి, ఆ కొలతల కాగితం మీద సంతకాలు తీసుకుని బీరువాలో భద్రం చేశారు. తమిళానికి అన్యాయం జరుగుతోందని ఎవరైనా నోరెత్తితే ఆ కాగితం తీసి చూపిస్తారు. (కాగితం సింహళంలో ఉంది. అది వేరే సంగతి.)

లోపలికి వెళ్తే సమానత్వం ఇంకా చిక్కబడుతుంది. వరుసలో నిలబడండి, నిశ్శబ్దం పాటించండి, ఇక్కడ ఉమ్మరాదు, ఇవన్నీ మూడు భాషల్లోనూ రాసి ఉన్నాయి. తమిళుడు చెయ్యకూడని పనులన్నీ అతనికి మాతృభాషలోనే తెలియజెయ్యాలన్నది ప్రభుత్వ విధానం. అతనే ఏమన్నా చెప్పుకోవాలనుకుంటే మాత్రం ఏడో కౌంటరుకు వెళ్ళాలి.

ఏడో కౌంటరు వెనక కూర్చునేది సోమసిరి ఉడవత్త గారు. ఆఫీసుకు తమిళ అధికారి ఆయన. రెండో భాష పరీక్షలో తమిళం మొదటి తరగతిలో పాసైన సర్టిఫికెట్టు అద్దం కట్టించుకుని ఆయన తల వెనక గోడకు వేలాడుతుంటుంది. పరీక్షలో ఎప్పుడూ "తేయాకు తోట" మీదే వ్యాసం అడుగుతారని పాత ప్రశ్నపత్రాలు తిరగేసి కనిపెట్టిన మేధావి. ఆ వ్యాసం నిద్రలో లేపి అడిగినా పొల్లు పోకుండా అప్పజెప్తాడు. అది కాక తమిళంలో ఆయనకు మరో మూడు మాటలు వచ్చు: నమస్కారం, కూర్చోండి, గుర్తింపు కార్డు. మనిషి మాత్రం వెన్నపూస. వచ్చినవాడు కార్డు ఇచ్చి ఊరుకోకుండా నోరు విప్పాడా, ఉడవత్త గారి మొహం పాలిపోతుంది. కుర్చీలోంచి సగం లేచి కారిడార్ వైపు తిరిగి "తవమణీ" అని పిలుస్తాడు.

తవమణి ఆ ఆఫీసు నేల తుడిచే మనిషి. కాగితాల్లో "తాత్కాలిక శుభ్రతా కార్మికురాలు". పదకొండేళ్ళుగా తాత్కాలికమే. ఆరు నెలలకోసారి పెద్దలంతా కూర్చుని ఆలోచించి, ఇంకో ఆరు నెలలు తాత్కాలికం అని తేలుస్తారు. పైన కొండ మీద గ్లెన్‌బార్ తేయాకు తోటలో, కూలీలకు వరసగా కట్టించిన లైను గదుల్లో ఒకదాంట్లో పుట్టింది. తోట బడిలో తమిళంలో చదువుకుని, మన ఇంటర్ లాంటి ‘ఏ లెవెల్’ పరీక్షలో తమిళానికి జిల్లాలోనే మొదటి మార్కు తెచ్చుకుంది. ఆ మార్కుకు తగ్గ ఉద్యోగం బకెట్టు దగ్గర దొరికింది. సింహళం మాట్లాడటం ఆఫీసువాళ్ళ నోళ్ళు విని నేర్చుకుంది. చదవడం చెత్తబుట్టలో కాగితాలు చూసి నేర్చుకుంది.

ఇక్కడో సంగతి చెప్పాలి. చుట్టుపక్కల పద్నాలుగు తోటల జనమూ, బజారులో తమిళం మాట్లాడే ముస్లిం దుకాణాలవాళ్ళూ ఏడో కౌంటరు ఎక్కడా అని అడగరు. తవమణి ఇవాళ ఎక్కడ తుడుస్తోందీ అని అడుగుతారు. ఆమె మెట్ల దగ్గర తుడుస్తుంటే క్యూ మెట్ల దగ్గర. ఆమె భూమి విభాగం ముందుకు జరిగితే క్యూ కూడా చెప్పులు చేత పట్టుకుని, తడి తొక్కకుండా, వరుస తప్పకుండా అటే జరుగుతుంది. ఆమె నడుం వంచి తుడుస్తూనే వింటుంది. విన్నాక జడలో దోపుకున్న పెన్ను తీసి, బోర్లించిన బకెట్టు మీద కాగితం పెట్టి అర్జీ రాస్తుంది. ఆఫీసు మీద ఫిర్యాదులు కూడా ఆమే రాస్తుంది. వాటికి ఆఫీసు ఇచ్చే జవాబులూ ఆమే రాస్తుంది, ఉడవత్త గారు సంతకం పెడతాడు. (రెండు పక్షాలదీ ఒకటే చేతిరాత కావడంతో తగాదాలు తొందరగా తేలేవి.) ఏటా పైకి వెళ్ళే నివేదికలో "మా కార్యాలయంలో తమిళ క్యూ ఎప్పుడూ కదులుతూనే ఉంటుంది" అని ఒక వాక్యం ఉంటుంది. అందులో అబద్ధం ఏమీ లేదు.

జనవరిలో ఒకరోజు గ్లెన్‌బార్ పై డివిజన్ నుంచి ముత్తుకరుప్పన్ తాత వచ్చాడు. చేతిలో ప్లాస్టిక్ కవరు, అందులో నాలుగు మూలలా పసుపు రాసిన ఉత్తరం. ప్రభుత్వ ముద్రతో ఆయన పేరిట ఉత్తరం రావడం అదే మొదలు, కాబట్టి మంచి కబురే అయ్యుంటుందని మురుగన్ పటం ముందు పెట్టి నెల రోజులు దణ్ణం పెట్టుకున్నాడు. అంతకు ముందు మూడు నెలలు అది తోట ఆఫీసులో పడి ఉంది. లైను గదులకు విడివిడిగా చిరునామాలు ఉండవు. ఉత్తరాలన్నీ తోట ఆఫీసుకొస్తాయి, అక్కడి గుమాస్తాకు బుద్ధి పుట్టినప్పుడు ఇళ్ళకు చేరతాయి. తవమణి విప్పి చదివింది. సింహళంలో ఉంది. ఇంటి స్థలం విచారణకు అక్టోబరు తొమ్మిదిన రావాలి, రాకపోతే హక్కు వదులుకున్నట్టే అని దాని సారాంశం.

తాత ఆమె మొహంలోకే చూస్తున్నాడు. "ఇంకో నెల దణ్ణం పెట్టుకో తాతా," అంది తవమణి. "ఈలోగా నేను ఇంకో తేదీ వేయిస్తా."

వేయించింది కూడా. భూమి గుమాస్తా కుర్చీ కింద తుడవడం మొదలుపెట్టి, అతను ఫైలు తీసేదాకా అక్కడే తుడుస్తూ కూర్చుంది. కాళ్ళు ఎత్తి ఎత్తి నడుం పట్టేసి అతను మార్చి పదికి తేదీ వేశాడు.

ఇలా సాగుతుండగా ఫిబ్రవరిలో కొలంబో నుంచి సర్క్యులర్ దిగింది. తమిళులు ఎక్కువగా ఉన్న ప్రతి ఆఫీసులోనూ ఒక శాశ్వత తమిళ సహాయకుణ్ణి వేసుకోవచ్చనీ, ఇప్పటికే తాత్కాలికంగా పనిచేస్తున్న అర్హులకు ముందు అవకాశం ఇవ్వాలనీ అందులో ఉంది. అది సింహళంలో వచ్చింది. తమిళంలోకి దించి నోటీసు బోర్డుకు అంటించమని తవమణికే ఇచ్చారు. రెండో పేరా దాకా వచ్చేసరికి ఆమె ఒకే వాక్యం రెండుసార్లు రాసి ఒక కాగితం పాడుచేసింది.

పాడుచెయ్యదా మరి. వాళ్ళమ్మ మారియాయి నలభై రెండేళ్ళుగా గ్లెన్‌బార్‌లో ఆకు కోస్తోంది. మార్చి ఆఖరుతో ఆమె పనికాలం అయిపోతుంది. లైను గది తోటది. ఇంట్లో ఒక్కరైనా తోట రిజిస్టర్లో ఉంటేనే గది ఉంటుంది. ఏప్రిల్ ఒకటిన తవమణి పేరు రిజిస్టర్లో ఎక్కాలి, లేదా గది ఖాళీ చెయ్యాలి అని తోట దొర మాటగా, కూలీల మీద మేస్త్రీ అయిన కంగాణీ వచ్చి చెప్పి వెళ్ళాడు. తాత్కాలిక మనిషికి కింద బజారులో ఇల్లు అద్దెకిచ్చే పుణ్యాత్ముడు లేడు. పర్మనెంటు ఉద్యోగం కాగితం ఉంటే సగం బజారు ఇస్తుంది. అంటే మార్చి దాటేలోగా ఆ కాగితం రావాలి. రాకపోతే పదకొండేళ్ళ కింద దిగిన కొండే మళ్ళీ బుట్ట తగిలించుకుని ఎక్కాలి.

దరఖాస్తు పెట్టింది. తొమ్మిదో గడిలో "తమిళ పరిజ్ఞానానికి రుజువు" అని ఉంది. ఏ లెవెల్ సర్టిఫికెట్టు జతచేసింది. ఆఫీసు ఎంపిక సంఘం కూర్చుని ఆ సర్టిఫికెట్టును అటూ ఇటూ తిప్పి చూసింది. ఈమె తమిళంలో చదువుకున్నట్టు ఇందులో ఉంది గానీ, ఈమెకు తమిళం వచ్చినట్టు ఎక్కడా లేదే అని సందేహపడింది. ప్రభుత్వం ఒప్పుకునే రుజువు ఒక్కటే, రెండో భాష పరీక్ష. అది పాసైతే ఏ అభ్యంతరమూ లేదన్నారు.

అదెంత పని అనుకుంది తవమణి. పరీక్షకు కట్టింది. వారానికి జవాబొచ్చింది. తమిళ పరీక్ష తమిళం మాతృభాష కానివారికి మాత్రమే, దరఖాస్తుదారు మాతృభాష గడిలో తమిళం అని రాసుకున్నందున అనర్హురాలు, కావాలంటే సింహళ పరీక్ష రాసుకోవచ్చు. (సింహళ పరీక్ష పాసైతే ఆమెకు సింహళం వచ్చని రుజువవుతుంది. పోస్టు తమిళానిది.) ఈ దేశంలో తమిళం వచ్చినట్టు సర్టిఫికెట్టు కావాలంటే ముందుగా తమిళులై ఉండకూడదు. ఆ లెక్కన ఆఫీసు మొత్తానికి ఆ జాగ్రత్త తీసుకోకుండా పుట్టింది తవమణి ఒక్కతే.

ఉడవత్త గారు రెండు రోజులు బాధపడి మూడో రోజు ఉపాయం చెప్పాడు. మాతృభాష గడిలో సింహళం అని రాసెయ్ చెల్లీ, ఒక్క మాటే కదా, ఎవరు వచ్చి చూస్తారు అని. ఆయన మంచికే చెప్పాడు. తవమణి ఆ సాయంత్రం కొబ్బరి రొట్టె కాలుస్తూ అమ్మతో ఈ మాట అనేసింది.

మారియాయి రొట్టె తుంచుకుంటూ తాపీగా వింది. "బాగానే ఉంది. ఆ కాగితంలో తల్లి పేరని ఇంకో గడి ఉంటుందే, అందులో ఎవర్ని రాసుకుంటావో కూడా ఇప్పుడే ఆలోచించుకో. నాకు చెబితే నేను పక్క లైనుకు పోయి పడుకుంటా."

ఆ మాటతో ఆ ఉపాయం పొయ్యిలో పడింది. తవమణి సగం నవ్వింది, సగం ఏడ్చింది.

కార్యాలయ పెద్ద ఎకనాయక మేడమ్ కూడా మంచి మనిషే. (ఈ కథలో చెడ్డవాళ్ళు లేరు. ఉంటే ఎవరినన్నా తిట్టుకునేవాళ్ళం.) ఆమె స్వయంగా కొలంబోలోని భాషా సమతా సంఘానికి రాసింది. ప్రశ్న సూటిగా ఉంది: "తమిళం మాతృభాషగా గల వ్యక్తికి తమిళం వచ్చునని భావించవచ్చునా?" సంఘం ఆ ప్రశ్న చూసి గతుక్కుమంది. ఇంత లోతైన విషయం కాగితం మీద తేలేది కాదని, మార్చి పంతొమ్మిదిన తామే వచ్చి రుక్‌గహవెలలో తమిళ సేవ ఎలా నడుస్తోందో చూసి నిర్ణయిస్తామని కబురు పెట్టింది.

తనిఖీకి ముందురోజు మేడమ్ తవమణిని లోపలికి పిలిచి కూర్చోమంది. పదకొండేళ్ళలో ఆ గదిలో కుర్చీ మీద కూర్చోవడం అదే మొదలు. నేల తుడిచే మనిషి దుబాసీ పని చేస్తోందని తెలిస్తే అది నియమాల ఉల్లంఘన అవుతుందనీ, ఉడవత్త ఉద్యోగానికే ఎసరొస్తుందనీ మేడమ్ వివరించింది. "నీకు పోస్టు ఇవ్వాలంటే రేపు ఆఫీసుకు మంచి పేరు రావాలి తవమణీ. మంచి పేరు రావాలంటే రేపు ఒక్క పూట నువ్వు కనబడకూడదు." తవమణి తలూపింది. వాదించడానికి ఆ మాటలో కొస ఎక్కడుందో దొరకలేదు.

పొద్దున్నే బకెట్టుతో సహా సామాన్ల గదిలోకి పోయి తలుపు దగ్గరగా వేసుకుంది. పది గంటలకు సంఘం దిగింది, ముగ్గురు సభ్యులు, నాలుగు కుర్చీలు. నాలుగో కుర్చీ తమిళ సభ్యుడిది. ఆ స్థానం నాలుగేళ్ళుగా ఖాళీగా ఉంది గానీ, సమానత్వం దృష్ట్యా కుర్చీ మాత్రం వేయిస్తూనే ఉన్నారు. అధ్యక్షుడు తన సంచీ దాని మీద పెట్టుకుని, ఒక తమిళ పౌరుడికి సేవ ఎలా అందుతుందో ప్రత్యక్షంగా చూడాలన్నాడు.

సరిగ్గా అప్పుడే మెట్లెక్కి వచ్చింది మారియాయి. పనికాలం ముగింపు కాగితం మీద ముద్ర వేయించుకోవడానికి కంగాణీ ఆమెకు ఆ ఒక్క పూటే సెలవిచ్చాడు. తవమణి ఎక్కడ తుడుస్తోందో అని అటూ ఇటూ చూసింది. నేల ఎక్కడా తడిగా లేదు. ప్యూను ఆమెను మర్యాదగా తీసుకెళ్ళి ఏడో కౌంటరు ముందు కూర్చోబెట్టాడు. సామాన్ల గదిలో తవమణి అమ్మ చెప్పుల చప్పుడు గుర్తుపట్టి తలుపు సందుకు కన్ను ఆనించింది.

ఉడవత్త గారు నమస్కారం అన్నాడు. కూర్చున్నామెనే కూర్చోండి అన్నాడు. గుర్తింపు కార్డు అన్నాడు. మారియాయి కార్డు ఇచ్చింది. అక్కడితో ఊరుకుంటే బాగుండేది.

"అయ్యా, ముద్ర సంగతి సరే," అంది. "ఈ నెలాఖరుకు నా పని అయిపోతుంది. ఆ పూటే గది ఖాళీ చెయ్యమంటున్నారు. నా కూతురికి మీ దగ్గరే ఉద్యోగం కాగితం రావాలి. అదొచ్చేదాకా రెండు నెలలు ఓపిక పట్టమని మా దొరకు మీ ఆఫీసు నుంచి ఒక ఉత్తరం రాసిస్తారా? రాసిస్తే ఆ పిల్ల మళ్ళీ కొండెక్కక్కర్లేదు. దానికి తెలీకుండా అడుగుతున్నా."

ఉడవత్త గారు కారిడార్ వైపు చూశాడు. నోరు తెరిచాడు. ఆ పేరు ఇవాళ పిలవకూడదని గుర్తొచ్చి మూశాడు. ముగ్గురు సభ్యులూ పెన్నులు పట్టుకుని ఆయన్నే చూస్తున్నారు. సామాన్ల గదిలో తవమణి చెయ్యి గడియ మీద ఉంది. బయటికొస్తే అమ్మకు జవాబు దొరుకుతుంది, తన పోస్టు పోతుంది. లోపలే ఉంటే పోస్టు దక్కుతుంది. గడియ అలాగే పట్టుకుని నిలబడిపోయింది. జీవితంలో అంత సిగ్గు ఎప్పుడూ పడలేదు.

ఉడవత్త గారు గొంతు సవరించుకున్నాడు. "తేయాకు తోట," అని మొదలుపెట్టాడు. "మన దేశమునకు తేయాకు తోటలు పచ్చని అలంకారము. సూర్యుడు ఉదయించగానే కార్మికులు ఆనందముతో పాడుకొనుచు కొండలెక్కుదురు. వారు రెండు ఆకులను ఒక మొగ్గను సుతారముగా గిల్లుదురు..." ఎక్కడా తడబడలేదు. ఎరువుల గురించి చెప్పాడు, వర్షపాతం గురించి చెప్పాడు, ఎగుమతుల దగ్గర గొంతు పెంచాడు. సంఘ సభ్యుల్లో ఒక్కరికీ తమిళం ముక్క రాదు. రాకపోయినా ధారాళత తెలుస్తుంది కదా, అధ్యక్షుడి తల దానంతట అదే ఊగింది.

మారియాయి చివరి దాకా వింది. పెద్ద మనిషి మాట్లాడుతుంటే లేచిపోవడం ఆమెకు అలవాటు లేదు. ఆయన ముగించాక, "అంతా బాగానే చెప్పారయ్యా. జలగల సంగతే మర్చిపోయారు," అంది.

ఆమె ఏమంటోందని అధ్యక్షుడు ఆత్రంగా అడిగాడు.

"కృతజ్ఞతలు చెబుతోంది సర్," అన్నాడు ఉడవత్త గారు. ఆ మాట అంటున్నప్పుడు ఆయన కళ్ళు కౌంటరు బల్ల మీదే ఉన్నాయి.

అధ్యక్షుడు కుర్చీలోంచి లేచి వచ్చి మారియాయికి రెండు చేతులూ జోడించాడు. ఆమె కంగారుపడి తానూ జోడించింది. "సేవ పొందిన పౌరురాలు సంతృప్తి వ్యక్తం చేసినారు" అని రాసుకున్నారు. కాగితం మీద ముద్ర కూడా పడింది.

సంఘం నిర్ణయం ఇరవై ఆరున వచ్చింది. రుక్‌గహవెలలో తమిళ సేవ దేశానికే ఆదర్శంగా ఉంది కాబట్టి అక్కడ తమిళ సహాయకుడి అవసరం లేదు. ఆ పోస్టును అవసరం ఎక్కువ ఉన్న చోటికి, అంటే తమిళులే లేకపోవడంతో తమిళ సేవ పూర్తిగా కుంటుపడిన దక్షిణ తీరపు ఆఫీసుకు మార్చారు. ఇక తమిళం మాతృభాషైన వ్యక్తికి తమిళం వచ్చునా అన్న ప్రశ్న దేశమంతటికీ సంబంధించింది గనక, దాన్ని ఒక ఉపసంఘానికి అప్పగించారు.

దరఖాస్తుదారుకు ఆమె మాతృభాషలోనే జవాబివ్వాలన్నది నియమం. మధ్యాహ్నం భోజనాల వేళ ఉడవత్త గారు సింహళం ప్రతి పట్టుకుని రికార్డు గది దగ్గరికి వచ్చాడు. తవమణి అక్కడ తుడుస్తోంది. "చెల్లీ, ఇది ఇవాళే పోస్టులో వెయ్యాలట," అని కాగితం చాచాడు. ఆమె మొహం చూడలేక రికార్డు గది గోడ మీది క్యాలెండరు చూస్తూ నిలబడ్డాడు.

తవమణి చేతులు పైటకు తుడుచుకుని చదివింది. ఏడుపు రాలేదు. కోపమొచ్చింది, ఆ కోపం ఎవరి మీదో తేల్చుకోవడానికి ఆ ఆఫీసులో ఒక్క మొహమూ సరిపోలేదు. బకెట్టు బోర్లించింది, పెన్ను తీసింది.

"సర్, 'మీ సేవలు ఈ కార్యాలయమునకు అవసరము లేదు' అని ఉంది. 'ప్రస్తుతానికి' అని చేర్చనా?"

ఉడవత్త గారు సింహళం ప్రతిలోకి వంగి వెతికాడు. "అందులో లేదు చెల్లీ. ఉన్నది ఉన్నట్టు రాయాలి కదా."

"రాస్తాను సర్," అంది. ఉన్నది ఉన్నట్టే రాసింది. సింహళం ప్రతిలో దరఖాస్తు తేదీ తప్పు పడితే అది కూడా దిద్దింది. ఉడవత్త గారు సంతకం పెడుతూ, ఇంత చక్కటి తమిళం ఈ జిల్లాలో ఇంకెవరూ రాయలేరు అన్నాడు. మనసులో మాటే అన్నాడు. ఉత్తరాన్ని చేతికిచ్చెయ్యడానికి నియమం ఒప్పుకోదు గనక రిజిస్టర్ పోస్టులో గ్లెన్‌బార్ తోట ఆఫీసుకు పంపారు.

ఏప్రిల్ ఒకటిన తవమణి పేరు తోట రిజిస్టర్లో ఎక్కింది. అమ్మ బుట్టే తగిలించుకుంది.

నేల తుడవడానికి ఆఫీసు కుదుర్చుకున్న కంపెనీ వాళ్ళు కింది ఊరి నుంచి తమిళం రాని కొత్త మనిషిని పంపారు. మొదటి రెండు రోజులూ తోటల జనం అలవాటు కొద్దీ చెప్పులు చేత పట్టుకుని ఆమె వెనకాలే నడిచారు. ఆమె హడలిపోయి సెక్యూరిటీని పిలిచింది. మూడో రోజు నుంచి ఎవరూ రాలేదు.

జూన్ ఆఖరుకు మూడు నెలల నివేదిక పైకి వెళ్ళింది. అంతకు ముందు నెలకు ముప్పై నలభై వచ్చే తమిళ ఫిర్యాదులు ఈ మూడు నెలల్లో ఒక్కటీ రాలేదు. తమ తనిఖీ తర్వాత తమిళ ప్రజల సమస్యలన్నీ తీరిపోయాయని భాషా సమతా సంఘం వార్షిక నివేదికలో రాసుకుంది.